పాత బర్లెస్క్ హాళ్ల దారిలో: న్యూయార్క్ నుంచి బోస్టన్ దాకా

న్యూయార్క్ 42వ వీధిలో, టైమ్స్ స్క్వేర్ సబ్‌వే మెట్లెక్కి పైకి రాగానే న్యూ విక్టరీ థియేటర్ దగ్గరే. 1900లో ఆస్కార్ హామర్‌స్టైన్ కట్టించిన హాలు. 1931లో బర్లెస్క్ హాళ్లు నడిపే మిన్‌స్కీ కుటుంబంవాళ్లు ఇందులో బర్లెస్క్, అంటే హాస్యం, పాటలు, బట్టలు విప్పే స్ట్రిప్ డాన్సు కలిసిన స్టేజీ ఆట, మొదలుపెట్టారు. ఇప్పుడు పిల్లల ప్రదర్శనలు వేస్తున్నారు, లోపల చూడాలంటే వాటికే టికెట్ కొనాలి. కొనడం మంచిది. హాలు ఎంత చిన్నదో, నటుడి మొహం ఎంత దగ్గరగా కనిపిస్తుందో కూర్చుంటేనే తెలుస్తుంది. ఆ దగ్గరతనం మీదే బర్లెస్క్ బతికింది. జనాన్ని రప్పించింది డాన్సర్లే అయినా, ఆటను నిలబెట్టింది మాత్రం హాస్యగాళ్లేనని నా గట్టి నమ్మకం.

ముందు కోరస్ అమ్మాయిల డాన్సు. తర్వాత తెర ముందుకి ఇద్దరొచ్చేవారు: ఒకడు వెర్రిబాగులవాడు, రెండోవాడు వాణ్ణి మాటల్లో ఇరికించే ‘స్ట్రెయిట్ మ్యాన్’. వీళ్లు నవ్విస్తుంటే తెర వెనక సెట్టు మార్చేసేవారు. ఆపైన స్ట్రిప్ డాన్సు, పాట, మళ్లీ హాస్యం. ఆ హాస్య ఘట్టాలకు పేర్లుండేవి, అందరికీ కంఠతా వచ్చేవి. అందుకే కొత్తగా కలిసిన ఇద్దరు కూడా పేరు చెప్పుకుని స్టేజీ ఎక్కేయగలిగేవారు. తర్వాత సినిమాల్లో పేరుపొందిన హాస్య జంట అబాట్, కోస్టెల్లో పదునెక్కింది బర్లెస్క్‌లోనే. విరామంలో ‘క్యాండీ బుచర్’ వచ్చి, పొట్లంలో ఖరీదైన బహుమతి ఉండొచ్చని ఊరిస్తూ మిఠాయి అమ్మేవాడు.

హ్యూస్టన్ వీధిలోని మిన్‌స్కీల పాత హాల్లో టికెట్ కౌంటర్ దగ్గర కాలితో నొక్కే మీట ఉండేది. తనిఖీవాళ్లు కనబడగానే నొక్కితే స్టేజీ ముందు ఎర్ర లైటు వెలిగేది, డాన్సర్ జాగ్రత్తపడేది. 1937లో మేయర్ లాగ్వార్డియా హయాంలో బర్లెస్క్ హాళ్ల లైసెన్సులు పునరుద్ధరించలేదు. బర్లెస్క్ అన్న పేరు కూడా బోర్డుల మీద ఉండకూడదన్నారు. 1942కి నగరంలో బర్లెస్క్ అంతా మూతపడింది. ప్రేక్షకులు హడ్సన్ నది దాటి న్యూజెర్సీలోని యూనియన్ సిటీకి పోయేవారు.

బోస్టన్‌లో ‘ఓల్డ్ హోవార్డ్’ అనే బర్లెస్క్ హాలు ఉన్న చోటు వెతకడమే కష్టం. పాత మ్యాపు పట్టుకెళ్తే దారి తప్పుతారు. 1960లలో అది ఉన్న స్కాలే స్క్వేర్ అనే కూడలితో పాటు హోవార్డ్ వీధినీ చెరిపేశారు. గవర్నమెంట్ సెంటర్ స్టేషన్లో దిగి, సెంటర్ ప్లాజా భవనం వెనక్కి నడవండి. అక్కడో ఫలకం ఉంది. 1953లో పోలీసులు దాచిన కెమెరాతో ప్రదర్శనను చిత్రీకరించి హాలు మూయించారు, 1961లో అది కాలిపోయింది. అప్పటికే పేరున్న హాస్యగాళ్లు రేడియోకి, సినిమాకి, టీవీకి వెళ్లిపోయారు. వాళ్లు లేని చోట మిగిలింది ఒట్టి స్ట్రిప్ డాన్సే.

దుస్తులు, ఫొటోలు చూడాలనుకుంటే లాస్ వేగస్‌లోని బర్లెస్క్ హాల్ ఆఫ్ ఫేమ్‌కి వెళ్లాలి. బయల్దేరే ముందు తెరిచి ఉండే రోజులు కనుక్కోండి.