ప్రాణహిత అవతలి పోచంపల్లి

ఫోన్లో మనిషికి తొమ్మిది వందలన్న జీపాయన, పొద్దున ఏడింటికి సిరొంచ బస్టాండు దగ్గర మాట మార్చాడు. పిల్లవాడికీ పూర్తి కిరాయే అట. గైడుకు వేరే ఇవ్వాలట. భోజనం సంగతి మనమే చూసుకోవాలట. సంక్రాంతి సెలవులు కదా, నువ్వు కాకపోతే ఇంకొకరు అన్న ధీమా ఆయనది. నేను వెనక్కి వెళ్ళిపోదామనే అనుకున్నాను. కానీ మా మేనల్లుడు అప్పటికే జీపెక్కి కిటికీ పక్కన కూర్చున్నాడు. వాడికి పదేళ్ళు. రాక్షసబల్లుల పేర్లు ఎక్కాలకన్నా బాగా అప్పజెప్తాడు. హైదరాబాదు బిర్లా సైన్స్ సెంటర్‌లో, సిరొంచ దగ్గరి కోట ఊరి పేరున్న కోటసారస్ అనే రాక్షసబల్లి అస్థిపంజరం చూసిన రోజు నుంచి వాడిది ఒకటే పాట: "ఆ కోట ఊరు మనకు దగ్గరే కదా అత్తా, ఎప్పుడు పోదాం?"

దగ్గరే. మంచిర్యాల నుంచి చెన్నూరు, అక్కడి నుంచి ప్రాణహిత వంతెన దాటితే సిరొంచ. అవతల మహారాష్ట్ర, గడ్చిరోలి జిల్లా. 1860 దాకా నిజాం కింద ఉన్న ఊరు, తర్వాత తెల్లవాళ్ళ చేతికి పోయింది. ఇప్పటికీ బజార్లో బేరం తెలుగులోనే సాగుతుంది. టీ కొట్టు ముందు ఇద్దరు పిల్లలు తెలుగులో కొట్లాడుకుంటూ, మధ్యలో లెక్కలు మాత్రం మరాఠీలో పెట్టుకుంటున్నారు. బడిలో మరాఠీ, ఇంట్లో తెలుగు. మన దగ్గర బడిలో ఇంగ్లీషు, ఇంట్లో తెలుగు ఉన్నట్టే.

జీపులో మాతోపాటు హనుమకొండ నుంచి వచ్చిన పెద్దవాళ్ళు ఇద్దరు. ఆయన డిగ్రీ కాలేజీలో జియాలజీ చెప్పి రిటైరయ్యారు. ఆమె దారంతా బిస్కెట్లు పంచుతూనే ఉన్నారు. గైడు వడదం దగ్గరి కుర్రాడు. నన్ను "అక్కా" అన్నాడు, ఆయన్ను "సార్" అన్నాడు. ప్రతి మాట చివరా "బరోబర్" అంటాడు. వాడి ముఖం చూశాక జీపాయన మీద కోపం సగం తగ్గింది.

ఆలాపల్లి రోడ్డు సంగతి ఎంత తక్కువ చెబితే అంత మంచిది. గుంతల మధ్య అక్కడక్కడా రోడ్డు ఉంది. అటూ ఇటూ టేకు చెట్లు, ఆకులు రాలి ఎండుటాకుల రంగులో ఉన్నాయి. నా నడుము ఎక్కడుందో నాకు తెలుస్తూనే ఉంది. అప్పుడు సార్ ఒక మాట చెప్పారు. ఆ మాటతో ఆ ప్రయాణం మొత్తం నాకు వేరేగా కనిపించడం మొదలైంది.

"మీది ఏ ఊరమ్మా?"

గోదావరిఖని అన్నాను. నాన్న సింగరేణిలో కోల్‌కట్టర్.

"అయితే మీరు నిన్నటి నుంచి కాలంలో ముందుకు ప్రయాణం చేస్తున్నారు," అన్నారు. ప్రాణహిత, గోదావరి లోయ అంతా ఒకే పొడవాటి గుంట అట. భూమి కుంగి ఏర్పడ్డ ఆ గుంటలోకి కోట్ల ఏళ్ళపాటు నదులు ఇసుక, మట్టి తెచ్చి పోశాయి. అట్టు మీద అట్టు పేర్చినట్టు పొరలు పడ్డాయి. ఆ అట్ల దొంతర ఈశాన్యానికి వాలి ఉంది. అందుకే పడమటి అంచున, అంటే మన రామగుండం, మందమర్రి వైపు, అడుగున ఉండాల్సిన బొగ్గు పొరలు పైకి తేలి దొరికాయి. ఇటు వస్తున్నకొద్దీ కొత్త పొరలు. బొగ్గు వయసు ఇరవై అయిదు కోట్ల ఏళ్ళకు పైనే. ఆసిఫాబాద్ దగ్గరి మలేరి ఎర్రమట్టి ఆ తర్వాతిది. ఈ కోట పొరలు ఇంకా తర్వాతివి, దాదాపు పద్దెనిమిది కోట్ల ఏళ్ళనాటివి. బస్సులో మూడు గంటలు కునికిపాట్లు పడుతూ నేను దాటింది అంత దూరం.

నాన్న ఒకసారి గని నుంచి టిఫిన్ డబ్బాలో ఒక రాయి తెచ్చాడు. అరచేయంత నల్లటి పలక. దాని మీద ఆకు అచ్చు, నడిమి ఈనె, దానికి రెండు వైపులా వలలా అల్లుకున్న సన్నటి ఈనెలు. గని పైకప్పు ఊడిపడితే అందులో దొరికిందన్నాడు. అప్పుడు నేను ఆరో తరగతి. ఆ ఆకు పేరు గ్లాసోప్టెరిస్ అని, అందులో గ్లాసో అంటే నాలుక అని, ఇంత వయసొచ్చాక ఈ గుంతల రోడ్డులో సార్ నోటి నుంచి విన్నాను. నాన్న ఉంటే చెప్పేదాన్ని.

వడదంలో రాయిగా మారిన చెట్లున్నాయి. దూరం నుంచి చూస్తే ఎవరో కట్టెల లారీ బోల్తా కొట్టించినట్టు అడవిలో దుంగలు పడి ఉంటాయి. దగ్గరికి వెళితే బెరడు గీతలున్నాయి, కొమ్మ విరిగిన చోట కన్ను ఉంది. చెయ్యి పెడితే మాత్రం చల్లటి రాయి. వరదకు కొట్టుకొచ్చిన చెట్టు గాలి తగలకుండా ఇసుకలో పూడిపోతే కుళ్ళదట. నీటిలో కరిగిన సిలికా మెల్లగా చెక్కలోకి దిగి, గదిగదిలో నిండి గట్టిపడుతుందట. ఇదంతా గైడు కుర్రాడే చెప్పాడు. సార్ పక్కన నిలబడి ఒక్క మాట కూడా దిద్దలేదు. చివర్లో "బాగా చెప్పావు తమ్మీ" అని భుజం తట్టారు. ఆ కుర్రాడు సిగ్గుపడి తల తిప్పుకున్నాడు.

అక్కడి నుంచి కాస్త నడిస్తే వానకు కోసుకుపోయిన ఎర్రమట్టి గండ్లు. గడ్డి పరక లేదు. మనిషెత్తు మట్టి దిబ్బలు, వాటి మధ్య పాములా తిరిగే సన్నటి దారులు. ఇలాంటి నేలల్నే ఇంగ్లీషులో బ్యాడ్‌లాండ్స్ అంటారని సార్ చెప్పారు. చెడ్డ నేల! సాగుకు పనికిరాదు కనుక చెడ్డదట. అక్కడ నిలబడితే నాకు ఆ పేరు నచ్చలేదు. ప్రతి వానా ఒక పొర తీసేసి లోపలిది చూపిస్తోంది. మన ఊళ్ళ దగ్గర ఓపెన్‌కాస్టు మిషన్లు చేసే పనిని ఇక్కడ వాన ఎవరికీ నష్టం లేకుండా చేస్తోంది.

తిరిగి జీపెక్కబోతుంటే గైడు మావాడి ముందు మోకాళ్ళ మీద కూర్చున్నాడు. "చిన్న సారూ, జేబులో ఏముంది?" అన్నాడు మెల్లగా. మావాడి ముఖం ఎర్రబడింది. బొటనవేలంత రాతికర్ర ముక్క తీసి చూపించాడు. "ఎక్కడ తీసినవో అక్కడనే పెట్టాలె. పక్కకు పెట్టినా తప్పే. అది ఏ పొరలదో రేపు వచ్చేటోనికి తెల్వకుండ పోతది," అన్నాడు. ఇద్దరూ చెయ్యి పట్టుకుని వెనక్కి వెళ్ళారు. ఎండలో పావుగంట వెతికి సరిగ్గా ఆ చోటే పెట్టి వచ్చారు. డ్రైవరు హారన్ కొడుతూనే ఉన్నాడు. నాకు నాన్న టిఫిన్ డబ్బా గుర్తొచ్చి ఏమీ మాట్లాడలేకపోయాను.

భోజనం వేళకు హోటలేదీ లేదు. డ్రైవరు సిరొంచకు తిరిగి వెళ్దామంటాడు. పోచంపల్లి చూడకుండా కదిలేది లేదని నేను, సార్ ఒక్కటయ్యాం. చీరల పోచంపల్లి కాదు, ఇది ప్రాణహిత అవతలి పోచంపల్లి. మనదేశపు పెద్ద రాక్షసబల్లుల్లో ఒకటైన బరపసారస్ దొరికిన ఊరు. గైడు ఎవరికో ఫోన్ చేశాడు. వాళ్ళ పెద్దమ్మ వరస ఆమె ఇంట్లో వంట చేయిస్తానన్నాడు. మనిషికి నూట యాభై. ఆ రోజు నేను బేరమాడకుండా ఇచ్చిన డబ్బులు అవే.

వేడి అన్నం, పచ్చి టమాట తొక్కు, కొర్రమీను పులుసు. పొద్దున ప్రాణహితలో పట్టిన చేప. మావాడు ముల్లు తీసుకోలేక అవస్థ పడుతుంటే సార్ తన పళ్ళెం పక్కన పెట్టి వాడికి తీసిపెడుతూ కోట చేప కథ మొదలుపెట్టారు. కోట దగ్గరి సున్నపురాయిలో లెపిడోటిస్ అనే చేపలు దొరికాయని, 1850ల నాటికే వాటి గురించి లండన్‌లో రాశారని చెప్పారు. వాటి పొలుసులు ఇలా మెత్తగా ఉండవట. పలకల్లా మందంగా, పింగాణీ పూత పూసినట్టు మెరుస్తూ ఉంటాయట. నాగపూర్‌లో ఉన్న హిస్లప్ అనే పాదరీ ఈ దిక్కు రాళ్ళ వెంట పడి తిరిగాడట. మావాడు ముల్లు పట్టుకుని వెలుగుకేసి చూస్తూ "ఇది కూడా రాయి అవుతుందా?" అన్నాడు. వడ్డిస్తున్న పెద్దమ్మ నవ్వింది.

"బొక్కల ముచ్చటానా? ఆ కలకత్తోళ్ళు తవ్వంగ నేను చూసిన," అంది.

మేం తినడం ఆపేశాం.

ఆమెకు అప్పుడు పదేళ్ళుంటాయట. డేరాలు వేసుకుని వచ్చారట. వాళ్ళ నాయన తవ్వే పనికి పోయేవాడు. ఆమె కుండతో నీళ్ళు మోసేది. "గడ్డపారలతోని కాదు బిడ్డా, చిన్న చిన్న సువ్వలతోని, కుంచెలతోని తవ్విన్రు. మా నాయన ఇంటికచ్చి నవ్వేటోడు, గిట్ల తవ్వితే బాయి ఎన్నడు అయితదని. ఒక్కొక్క బొక్కకు గోనెసంచులు చుట్టి, తెల్లపిండి పూసి, ఎండకు ఆరబెట్టేటోళ్ళు. ఊళ్ళె అందరు రాకాసి బొక్కలన్నరు. మా అవ్వ నన్ను మాపటిపూట అటుదిక్కు పోనియ్యకపోయేది."

సార్ కళ్ళు మెరిశాయి. ఆమె చెప్పినదాని పక్కన తనకు తెలిసింది పెట్టుకుంటూ పోయారు. వచ్చినవాళ్ళు కలకత్తా ఇండియన్ స్టాటిస్టికల్ ఇన్‌స్టిట్యూట్ వాళ్ళు. అంకెల శాస్త్రవేత్త మహలనోబిస్ పెట్టిన సంస్థ. లండన్ నుంచి పమేలా రాబిన్సన్ అనే ఆవిడను పిలిపించి, ఈ లోయలో వెతకడం మొదలుపెట్టించింది ఆయనే. ఆరు జంతువులవి దాదాపు మూడు వందల ఎముకలు దొరికాయి. ఆ తవ్వకం జరిగిన 1961 రవీంద్రనాథ్ ఠాగూర్ శతజయంతి సంవత్సరం. అందుకని 1975లో పేరు పెట్టినప్పుడు బరపసారస్ టాగోరీ అన్నారు. బెంగాలీలో బర అంటే పెద్ద, పా అంటే కాలు. తొడ ఎముక ఒక్కటే 1.7 మీటర్లు. మావాడిని నిలబెట్టి చూపించారు. వాడి తల మీద ఇంకో మూర పొడవుంటుంది.

"నిలబెట్టిన్రా మరి?" అంది పెద్దమ్మ.

"ఏంటమ్మా?"

"అదే, గన్ని బొక్కలు పట్కపోయిన్రు గద. అన్ని కలిపి నిలబెట్టిన్రా, గట్లనే పడేసిన్రా?"

అరవై ఏళ్ళు దాటింది. అన్నేళ్ళలో ఆ మాట ఆమెకు చెప్పినవాళ్ళు లేరు. సార్ ఫోన్ తీసి వెతికారు. సిగ్నల్ లేదు. గైడు ఆయన చేతిలోంచి ఫోన్ తీసుకుని గోడెక్కి పట్టుకున్నాడు. అప్పటికీ రాలేదు. చివరికి సార్ భార్య తన ఫోన్లో వెతికి, ఎప్పుడో కలకత్తా వెళ్ళినప్పుడు తీసుకున్న ఫొటో పట్టుకున్నారు. ఇన్‌స్టిట్యూట్ మ్యూజియంలో బరపసారస్, దాని కాళ్ళ దగ్గర ఈ దంపతులు.

పెద్దమ్మ చెయ్యి కడుక్కుని, కొంగుతో తుడుచుకుని ఫోన్ అందుకుంది. చాలాసేపు చూసింది. వేలితో కాళ్ళు లెక్కపెట్టింది. "నాలుగు," అంది. "మెడ ఎంత పొడుగున్నది. గింత పెద్దదా మన పొలంల ఉన్నది!" తర్వాత ఫోన్ కళ్ళకు దగ్గరగా తెచ్చుకుని, "తలకాయ గిట్లనే ఉండెనా?" అని అడిగింది.

ఆ ప్రశ్నకు సార్ నిజంగా ఆశ్చర్యపోయారు. తల దొరకలేదని, పళ్ళు మాత్రమే దొరికాయని, అక్కడున్న తల మిగతా జంతువులను బట్టి ఊహించి చేసిందని చెప్పారు.

"అయితే ఈడనే ఉంటది," అంది ఆమె. అనుమానం లేకుండా, వాకిలి అవతలి మట్టి దిబ్బలవైపు చూస్తూ. మా అందరి తలలూ అటే తిరిగాయి.

నాకు ఎక్కడో బాధగా ఉంది. ఎముకలు కలకత్తాలో పదిలంగా ఉన్నాయి, మంచిదే. వాటిని అంత ఓపికగా కలిపినవాళ్ళకు దండం పెట్టాలి. కానీ నీళ్ళు మోసిన పిల్ల ముసలిదయ్యేదాకా ఒక ఫొటో కూడా ఆమె ఇంటికి రాలేదే! ఒక కాలు ఎముక నమూనా, అదీ సున్నంతో చేసింది, ఈ ఊరి బడిలో ఉంటే ఎంత బాగుండేది. ఈ మాట పైకే అన్నాను. గైడు "బరోబర్ అక్కా" అన్నాడు. ఈసారి అది ఊతపదంలా లేదు.

ఆ తర్వాత సంగమం కూడా చూశాం, కాళేశ్వరం గుడి అవతలి ఒడ్డు నుంచి కనిపించింది. మూడు దాటితే జీపాయన ఇంకో అయిదు వందలన్నాడు. ఇచ్చేశాం. మర్నాడు మంచిర్యాలలో దిగగానే సార్ ఆ ఫొటో పంపారు. దాన్ని పెద్దగా ప్రింటు తీయించి, లామినేషన్ చేయించి, గైడు చెప్పిన అడ్రసుకు పోస్టు చేశాను. అందిందని వాడు మెసేజ్ పెట్టాడు. గోడకు దేవుడి పటాల వరసలో కొట్టిందట.

ఆ ఆదివారం మావాణ్ణి తీసుకుని ఖనికి వెళ్ళాను. నాన్న రాయి ఎక్కడుందమ్మా అంటే అమ్మ ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు. సజ్జ మీద, పాత బియ్యం డబ్బా వెనక, నాన్న గని హెల్మెట్‌లో ఉంది. గుడ్డలో చుట్టి పెట్టింది. మావాడు దాన్ని రెండు చేతుల్తో పట్టుకుని కిటికీ దగ్గరికి తీసుకెళ్ళాడు. ఆకు అచ్చు మీద వేలు పెట్టబోయి వెనక్కి తీసుకున్నాడు.

"అత్తా, తాత దీన్ని ఎక్కడ తీశాడు? మళ్ళీ అక్కడే పెట్టాలి కదా."

అమ్మ నా వైపు చూసింది. ఆ గని మూసేశారు. నాన్న తవ్విన గుల్ల నిండా గోదావరి ఇసుక నింపేశారు.