మార్ష్‌మాలో ప్రయోగాలు: ఇప్పటివరకు ఏవి కుదిరాయి, ఏవి కుదరలేదు

మార్ష్‌మాలో (మెత్తటి, స్పాంజిలాంటి మిఠాయి)తో చేసే సిరంజి ప్రయోగం ఇప్పుడు పక్కాగా వస్తోంది. మా అపార్ట్‌మెంట్ పిల్లలు మళ్లీ మళ్లీ అడిగేదీ అదే. మెడికల్ షాపులో సూది లేకుండా 50 ఎం.ఎల్. సిరంజి ఇమ్మంటే ఇస్తారు. మరీ చిన్నదైతే మినీ మార్ష్‌మాలో కూడా పట్టదు. పిస్టన్ పూర్తిగా బయటికి లాగి, మార్ష్‌మాలో లోపల వేసి, పిస్టన్‌ను దాని దగ్గరి దాకా నెట్టాలి. తర్వాత సిరంజి ముక్కును బొటనవేలితో గట్టిగా మూసి వెనక్కి లాగితే మార్ష్‌మాలో ఉబ్బుతుంది. వదలగానే ముడతలు పడి మొదటికంటే చిన్నదైపోతుంది. ఉబ్బేటప్పుడు కొన్ని బుడగలు పగిలి, వాటిలోని గాలి బయటపడిపోవడమే కారణం. స్కెచ్ పెన్నుతో కళ్లు, నోరు గీసిపెట్టాక మా మేనకోడలు "అత్తా, ఇది ఊపిరి తీసుకుంటోంది!" అని ఒకటే అరుపు. (రంగు పూసింది మాత్రం తిననివ్వకండి.)

మార్ష్‌మాలో అంటే పంచదార, కార్న్ సిరప్, జెలటిన్ కలిపి గిలకొట్టిన నురుగు. పరిమాణంలో సగానికి పైగా గాలే. గాలి మీద ఒత్తిడి తగ్గితే అది వ్యాపిస్తుంది, పెరిగితే కుంచించుకుపోతుంది. రాబర్ట్ బాయిల్ 1662లో ప్రకటించిన సూత్రం ఇది. పిల్లలకు పేరు చెప్పకపోయినా నష్టం లేదు, పిస్టన్ వాళ్ల చేతికే ఇస్తే చాలు.

నీళ్ల గ్లాసు ప్రయోగం తేలిక. మామూలు మార్ష్‌మాలో తేలుతుంది. ఇంకోదాన్ని వేళ్లతో బాగా పిసికి, గాలంతా పోయేలా ఉండ చేస్తే మునుగుతుంది. ముందూ తర్వాతా వంటింటి త్రాసు మీద పెట్టి చూపించాలి. బరువు అంతే ఉంది, మరి ఎందుకు మునిగింది? ఈ ప్రశ్న దగ్గర పెద్ద పిల్లలు కూడా ఆగిపోయారు. గాలి పోయి పరిమాణం తగ్గింది, అదే బరువు తక్కువ చోటులో ఇమిడింది, అదీ కారణం. పిసికేటప్పుడు చేతులకు కార్న్‌ఫ్లోర్ రాసుకోకపోతే జిగురుతో గొడవ.

మైక్రోవేవ్ దగ్గర పెద్దవాళ్లే ఉండాలి. పింగాణీ ప్లేటులో ఒక్క మార్ష్‌మాలో, 30 సెకన్లు. తలుపులోంచి చూస్తుంటే బాగా ఉబ్బుతుంది, ఆపగానే కూలిపోతుంది. లోపలి నీరు వేడెక్కి ఆవిరవుతుంది, గాలి వ్యాపిస్తుంది, మెత్తబడిన గోడలు సాగుతాయి. ఇంకాసేపు ఉంచితే బయట తెల్లగానే ఉండి లోపల గోధుమరంగుకు మాడుతుంది. వెంటనే ముట్టుకోకూడదు. కరిగిన పంచదార చర్మానికి అతుక్కుని కాలుస్తుంది.

ఎనిమిదో తరగతి పిల్లల కోసం అదే మైక్రోవేవ్‌లో కాంతి వేగం కొలిచాం. తిరిగే గాజు పళ్లెం తీసేసి, ఇరుసు మీద ఒక గిన్నె బోర్లించి, దానిపై ప్లేటు పెట్టి మినీ మార్ష్‌మాలోలు ఒక వరుసగా పరిచాం. 20 సెకన్ల తర్వాత కొన్ని చోట్లే కరిగాయి. పక్కపక్కన ఉన్న రెండు చోట్ల మధ్య 6.5 సెం.మీ. వచ్చింది. అది ఓవెన్‌లోని మైక్రోవేవ్ తరంగం పొడవు (తరంగదైర్ఘ్యం)లో సగం, కాబట్టి పూర్తిది 13 సెం.మీ. ఈ తరంగాలూ కాంతి వేగంతోనే వెళ్తాయి. ఓవెన్ వెనక రాసి ఉన్న 2,450 మెగాహెర్ట్జ్‌తో (అంటే సెకనుకు 245 కోట్ల తరంగాలు) గుణిస్తే సెకనుకు 3,18,500 కి.మీ. అసలు విలువ 2,99,792. స్కేలు, మార్ష్‌మాలోలతో ఇంత దగ్గరికి రావడం నాకైతే గొప్పే. మచ్చలు అన్నిసార్లూ ఇంత స్పష్టంగా పడవు, మధ్యభాగం ఎక్కడో గుర్తుపట్టడమే కష్టం.

కొనేముందు పాకెట్ మీద గుర్తు చూడండి. జెలటిన్ జంతువుల ఎముకలు, చర్మం నుంచి తీస్తారు, అందుకే కొన్ని ఇళ్లవాళ్లు ముట్టుకోరు. ఆకుపచ్చ గుర్తున్నవి సిరంజికి బాగానే పనికొచ్చాయి. నాలుగేళ్ల లోపు పిల్లలకు మాత్రం గొంతులో అడ్డుపడే ప్రమాదం ఉంది, వాళ్లను చూడనిస్తే చాలు.

మార్ష్‌మాలోలకు టూత్‌పిక్‌లు గుచ్చి కట్టే టవర్ ఇంకా కుదరలేదు. వైజాగ్ వర్షాకాలపు తేమకు మార్ష్‌మాలోలు జారిపోయి, చతురస్రాలతో కట్టినదల్లా పక్కకు ఒరిగింది. మూలకు మూల అడ్డంగా ఒక పుల్ల గుచ్చి త్రిభుజాలు చేశాక కాసేపు నిలబడింది. వచ్చేసారి ఏసీ గదిలో, అడుగంతా త్రిభుజాలతోనే మొదలుపెడతాం.