యాంకర్ల నోట మన వాక్యం

జెరూసలేంలో పుట్టిన వీడియో కళాకారుడు ఒమర్ ఫాస్ట్ 2002లో ‘సీఎన్‌ఎన్ కాంకటెనేటెడ్’ అనే 18 నిమిషాల వీడియో చేశాడు. ఆ ఛానల్ ప్రసారాలను మాటమాటగా కోసి, 10,000 మాటల నిల్వ చేసుకుని, తను రాసుకున్న స్వగతాన్ని యాంకర్ల చేతే పలికించాడు. వాక్యం ఒకటే. మాటమాటకీ మొహం మారుతుంది, కోటు మారుతుంది, కింద స్క్రోలింగ్ గెంతుతుంది. వార్తలు చదవాల్సినవాళ్లు మనల్ని దగ్గరకు పిలుస్తారు, నిలదీస్తారు. ఫ్రేములన్నీ నిజంగా ప్రసారమైనవే, వరస మాత్రం ఫాస్ట్‌ది. డీప్‌ఫేక్‌తో కలిపి దీన్ని మాట్లాడేవాళ్లు ఉన్నారు గానీ, అతుకులు బాహాటంగా వదిలేయడమే దీని బలమని నా లెక్క.

తెలుగు బులెటిన్లతో ఇదే చేయబోతే మొదటి దెబ్బ క్రియ దగ్గర తగులుతుంది. స్వగతానికి ‘నేను’తో నడిచే క్రియలు కావాలి, మన యాంకర్ రోజంతా అనేది ‘తెలిపారు, ఆరోపించారు, మండిపడ్డారు’. ‘చేశారు’లో ‘రు’ కోసేస్తే వాడుక మాట ‘చేశా’ మిగులుతుంది కదా అనిపిస్తుంది. మిగలదు. ఆ దీర్ఘం పలుకుతుండగానే నాలుక ‘రు’ కోసం లేస్తుంది, మాట గొంతు నొక్కినట్టు ఆగిపోతుంది. చివర 20–30 మిల్లీసెకన్ల ఫేడ్ ఇస్తే, అంటే శబ్దాన్ని మెల్లగా తగ్గిస్తే, కొంత నయం. అంతకన్నా రిపోర్టర్లతో లైవ్‌లు, రాత్రి చర్చలు రికార్డు చేసుకోవడం మేలు. ‘నేను’, ‘మీరు’, ‘చూస్తున్నాను’ దొరికేది అక్కడే. (‘చెప్పండి’కి మాత్రం ఎప్పుడూ కరువుండదు.) హెడ్‌లైన్ల జోలికి పోవద్దు, వెనక మోగే మ్యూజిక్ ముక్క ప్రతి మాటకీ అంటుకుని వస్తుంది.

సెకనుకు 25 ఫ్రేములంటే ఒక్కోటి 40 మిల్లీసెకన్లు. బొమ్మ ఫ్రేము అంచునే తెగుతుంది, ఆడియో అంతకన్నా సన్నగా తెగుతుంది. క, ట, ప పలికే ముందు గాలి బిగబట్టే చిన్న నిశ్శబ్దం ఉంటుంది, అదీ మాటలో భాగమే. అది పోతే మాట తుమ్మినట్టు మొదలవుతుంది, కాబట్టి రెండు ఫ్రేములు ముందునుంచి తీసుకోవాలి. ప్రతి అతుకుకీ 5–10 మిల్లీసెకన్ల క్రాస్‌ఫేడ్ (ఒక ముక్క శబ్దం తగ్గుతుండగా రెండోది పెరగడం) వేయకపోతే టిక్కుమంటుంది.

మాటలను రాతలోకి మార్చే విస్పర్ లాంటి సాఫ్ట్‌వేర్ ఇచ్చే టైమ్‌కోడ్‌లు (ఏ మాట ఎన్నో సెకనులో ఉందో చెప్పే అంకెలు) మాటను వెతుక్కోవడానికి పనికొస్తాయి, అంచులు మాత్రం వేవ్‌ఫామ్ (శబ్దం హెచ్చుతగ్గుల గీత) చూసి చేత్తో దిద్దాల్సిందే. క్లిప్ పేరులో మాట, యాంకర్ గుర్తు, తేదీతో పాటు అది వాక్యంలో ఎక్కడ వచ్చిందో కూడా రాసుకోవాలి. చాలామంది వదిలేసేది ఇదే. ‘ఉంది.’ అని ముగిసేటప్పుడు స్వరం దిగుతుంది, ‘ఉంది కానీ’లో నిలబడుతుంది. దిగినదాన్ని తెచ్చి మధ్యలో పెడితే వాక్యం అక్కడే చచ్చిపోతుంది, ఆ తర్వాత ఎన్ని మాటలు పేర్చినా లేవదు.

కింది స్క్రోలింగ్‌ను క్రాప్ చేస్తే చూడ్డానికి నీటుగా ఉంటుంది, అయినా చేయొద్దు. ఏ మాట ఏ రోజుదో చూసేవాళ్లకు పట్టిచ్చేది అదొక్కటే. నిలువు రీల్‌గా మారిస్తే రెండు పక్కలా తెగి ఆ అక్షరాలు చదవడానికి రావు, అందుకే టీవీ తెర ఆకారమైన 16:9లోనే బయటికి ఇవ్వాలి.