బావి కాచే రెక్కల పాము

ఓమున్‌లో వ్యాను దిగీ దిగగానే మోటోటాక్సీల వాళ్లు చుట్టూ మూగారు. మన ఆటోల్లాంటి మూడు చక్రాల బండ్లు. మెక్సికోలో యుకతాన్ రాష్ట్రం, మెరిడా నగరానికి ఆగ్నేయంగా గంట ప్రయాణం. ఈ చుట్టుపక్కల నేలంతా బావులే, వాటిని సెనోటేలంటారు. మా అమ్మాయికి స్కూల్లో స్పానిష్ ఉంది కాబట్టి బేరం తనే ఆడింది. అరవై దాటిన ఒక పెద్దాయన బండి ఎక్కాం. ఆయన ఇంటిభాష మాయా. మాకోసం స్పానిష్‌లో చెబితే, మా అమ్మాయి దాన్ని నాకు తెలుగు చేసింది.

"ప్రతి బావికీ ఒక పాము కాపలా ఉంటుంది. పేరు త్సుకాన్. ముసలిదైపోయాక దానికి రెక్కలొస్తాయి, అప్పుడు సముద్రానికి ఎగిరిపోతుంది" అన్నాడాయన, గేరు మారుస్తూ.

హ్యూస్టన్ నుంచి నేను బయల్దేరిందే ఆ పాము కోసం. మాది అనంతపురం పక్క పల్లె. బావి అడుగున బురద మిగిలిన ఏడాది, చేద దించితే గులకరాళ్ల చప్పుడు వినబడటం నాకింకా గుర్తే. నీళ్లకు రెక్కల పామును కాపలా పెట్టుకున్న జనం ఎలాంటివాళ్లో, వాళ్ల నేల ఎలాంటిదో చూడాలని ఎన్నాళ్లుగానో ఉంది.

అంతకు రెండు రోజుల ముందు చిచెన్ ఇట్జాకు వెళ్లాం. ఆ పేరులోనే బావి ఉంది. మాయా భాషలో చి అంటే నోరు, చెన్ అంటే బావి. ఇట్జాలనే జనం బావి నోటి దగ్గర కట్టుకున్న ఊరన్నమాట. నడుమ ఈకల పాముదేవుడు కుకుల్కాన్ పిరమిడ్, 30 మీటర్ల ఎత్తు. నాలుగు వైపులా 91 మెట్ల చొప్పున 364, పైన గుడి గడపతో కలిపి 365. ఇప్పుడు ఎక్కనివ్వరు. ఉత్తరం వైపు మెట్ల అడుగున రెండు పక్కలా రెండు పాము తలలు నోరు తెరుచుకుని ఉన్నాయి. మార్చి, సెప్టెంబరు నెలల్లో పగలూ రాత్రీ సమానమయ్యే రోజుల్లో, సాయంత్రపు ఎండ ఆ మెట్ల అంచు మీద త్రికోణాలుగా పడి, పాము పైనుంచి కిందికి జారుతున్నట్టు కనిపిస్తుందట. మేం వెళ్లింది డిసెంబరులో, ఆ నీడ మాకు దక్కలేదు. దానికి బదులు ఒక చప్పుడు దక్కింది. మెట్లకు ఎదురుగా నిలబడి ఒక గైడు గట్టిగా చప్పట్లు కొట్టాడు. తిరిగొచ్చింది చప్పట్ల మోత కాదు, పిట్ట కూత! సన్నగా సాగి, చివర కిందికి జారే కూత. కెట్సాల్ పిట్ట అలాగే కూస్తుందన్నాడు. కుకుల్కాన్ ఈకలు ఆ పచ్చని పిట్టవే. మరోసారి కొట్టించుకుని విన్నాను. ఒళ్లు జలదరించింది.

అక్కడి నుంచి తెల్లరాతి బాట మీద ఓ మూడు వందల మీటర్లు ఉత్తరంగా నడిస్తే పవిత్ర సెనోటే. అరవై మీటర్ల వెడల్పున నిలువునా తెగిన నేల, ఎంతో కింద పచ్చటి నీళ్లు. 1904 నుంచి ఎడ్వర్డ్ థాంప్సన్ అనే అమెరికన్ ఆ అడుగు తోడితే బంగారం, పచ్చరాళ్లు, సాంబ్రాణిలాంటి కోపాల్ ముద్దలు, వాటితోపాటు మనుషుల ఎముకలు బయటపడ్డాయి. పిల్లలవీ ఉన్నాయి. వానదేవుడు చాక్ కోసం ఇచ్చినవాళ్లు. మా అమ్మాయి అంచు నుంచి వెనక్కి వచ్చేసి నా చెయ్యి పట్టుకుంది. ఇంత చేశారంటే ఎంత కరువు చూసి ఉంటారో అనిపించింది. నాకు కోపం రాలేదు, దిగులు పుట్టింది.

ఉత్తర యుకతాన్‌లో నేల మీద పారే ఏరన్నది లేదు. అంతా సున్నపురాయి. పడ్డ వాన పడ్డట్టే ఇంకిపోయి కింద గుహల్లో పారుతుంది. పైకప్పు కూలినచోట నీళ్లు కనబడతాయి, అదే సెనోటే. 6 కోట్ల 60 లక్షల ఏళ్ల కిందట ఇక్కడ పడ్డ ఉల్క తవ్విన గొయ్యి అంచు వెంటే ఈ బావుల్లో చాలా వలయంగా ఉన్నాయి. ఉన్న నీళ్లేమో పాతాళంలో, రావలసిన నీళ్లేమో ఆకాశంలో. మధ్యలో ఎండిన రాయి. కింద పాకి పైకి ఎగరగలిగినదే ఆ రెంటినీ కలపాలి. మాయా భాషలో పామును కాన్ అంటారు, ఆకాశాన్నీ దాదాపు అదే మాటతో పిలుస్తారు, గొంతు విరుపు ఒక్కటే తేడా. పెద్దాయన రెండూ పలికి చూపించాడు. నా చెవికి ఒకటే వినబడింది.

ఓమున్‌లో మొదటి బావి దగ్గర షవరు కింద ఒళ్లు కడుక్కుని, లైఫ్ జాకెట్ తగిలించుకున్నాం. సన్‌స్క్రీన్ రాసుకోనివ్వరు, నీళ్లు పాడవుతాయని. మంచిదే. దిగేముందు పెద్దాయన టోపీ తీసి నీళ్లవైపు మాయాలో ఏదో గొణిగాడు. అనుమతి అడిగాడట. కొయ్యమెట్లు నిటారుగా దిగుతాయి. పైకప్పుకున్న కంత లోంచి చెట్టు వేళ్లు జడల్లా వేలాడుతున్నాయి. ఒక వేరు కొసన నీటిబొట్టు ఊరి, ఉబ్బి, తెగి పడేదాకా చూస్తూ ఉండిపోయాను. పడ్డచోట వలయాలు సాగి గోడ దాకా వెళ్లాయి. అంత పెద్ద చెట్టు, ఈ నీళ్ల కోసం రాయిని చీల్చుకుని దిగింది.

గోడ బొరియలోంచి నీలి పిట్ట ఒకటి బయటికొచ్చి వేరు మీద వాలింది. దాని పేరు తోహ్. తోకలో రెండు సన్నని పుల్లలు, వాటి కొసన చిన్న ఈకల కుచ్చులు. గడియారం లోలకంలా ఇటూ అటూ ఊపింది. ఈ పిట్టను వెంబడిస్తే నీళ్లు దొరుకుతాయని ఇక్కడి రైతులకు తరతరాలుగా తెలుసు.

బయటికొచ్చి బట్టలు ఆరబెట్టుకుంటూ పెద్దాయన దగ్గర వాన మాట ఎత్తాను. చాక్‌ను పిలిచే పూజలో పిల్లల్ని బల్ల కాళ్ల దగ్గర కూర్చోబెట్టి కప్పల్లా అరిపిస్తారట. తనూ చిన్నప్పుడు అరిచాడట, గొంతు పెట్టి చూపించాడు. మేం రోకలికి కప్పను కట్టి, కప్పతల్లి అంటూ ఇంటింటికీ తిరిగి నీళ్లు పోయించుకునేవాళ్లమని చెప్పాను. మా అమ్మాయి అది తర్జుమా చేస్తుంటే ఆయన బండి తాళంచెవి పట్టుకుని అలాగే నిలబడిపోయాడు. "వాన వచ్చేదా?" అని అడిగాడు. కొన్నేళ్లు వచ్చేదన్నాను. తలూపాడు.

ఆ రాత్రి మెరిడా నుంచి అమ్మకు వీడియో కాల్ చేసి ఫొటోలు చూపించాను. పాము సంగతి, పిట్ట సంగతి అంతా విన్నది. ఫోను కళ్లకు దగ్గరగా పెట్టుకుని ఆ పచ్చటి నీళ్లనే చూస్తూ అడిగింది:

"ఎన్ని మట్ల లోతుందే?"