నిమ్మరసం ఎన్ని చెంచాలు

రొమ్ము క్యాన్సర్ ఆపరేషన్ అయ్యాక నాకు మొదటి నాలుగు కీమోలూ ఎర్ర మందుతోనే ఎక్కించారు. అసలు పేరు డాక్సోరూబిసిన్, తోడుగా సైక్లోఫాస్ఫమైడ్. 21 రోజులకొకటి. వాంతులకు మాత్రలున్నాయి, బాగానే పనిచేశాయి. వాసనకే మాత్ర లేదు. వంటింట్లో ఇంగువ తాలింపు పడితే పక్కగదిలో నాకు కడుపులో తిప్పేది. అన్నం ఉడికే ఆవిరి కూడా పడేది కాదు. పైగా నోట్లో పొద్దస్తమానం ఇనప మేకు చప్పరిస్తున్న రుచి.

వేడి తిండి ఆవిరితో పాటు వాసనను కూడా ముక్కుదాకా మోసుకొస్తుంది, చల్లటిది అంతగా మోయదు. పులుసన్నం దిగని గొంతులో చల్లటి పెరుగన్నం దిగేది అందుకే. ఆ లెక్కనే సోర్బేకి వచ్చాను. పాలు లేని ఐస్‌క్రీం అనుకోండి: పండ్లరసం, పంచదార, నీళ్లు. మాది బత్తాయి, నిమ్మ, కొంచెం పన్నీరు. పన్నీరంటే గులాబీ నీళ్లు, పాలకూరలో వేసేది కాదు.

చేసే ముందు చూసుకోవాల్సినవి కొన్ని. ఆక్సాలిప్లాటిన్ అనే కీమో మందు ఎక్కించుకుంటున్నవాళ్లు దీని జోలికి రావద్దు. ఆ మందు పడ్డాక కొన్నాళ్లు చల్లటిది తగిలితే వేళ్లు తిమ్మిరెక్కుతాయి, గొంతు పట్టేసినట్టవుతుంది. బత్తాయి దొరకలేదని పంపరపనస పిండకండి. అది కొన్ని మందులు ఒంట్లో విరిగే వేగాన్ని మార్చేస్తుంది. షుగర్ ఉన్నవాళ్లు డాక్టర్ని అడగాలి, ఎందుకంటే కీమోతో ఇచ్చే స్టెరాయిడ్ కూడా షుగర్ పెంచుతుంది.

బత్తాయి రసం అర లీటరు. కాయ సైజును బట్టి ఏడో ఎనిమిదో పడతాయి. పంచదార 130 గ్రాములు, ఏ రుచీ కలపని గ్లూకోజ్ పొడి 30 గ్రాములు, నీళ్లు 120 మి.లీ., చిటికెడు ఉప్పు, పన్నీరు ఒక చెంచా. చెంచా అంటే 5 మి.లీ. కొలత చెంచా. నిమ్మరసం రోజును బట్టి మారుతుంది, అది తర్వాత.

గ్లూకోజ్ ఎందుకంటే, దానికి పంచదారకన్నా తీపి తక్కువ, రాయిలా గడ్డకట్టనివ్వని గుణం దాదాపు రెట్టింపు. ఆరోగ్యమని పంచదార సగానికి తగ్గిస్తే మిగిలేది సోర్బే కాదు, ఐసు గడ్డ. మరీ ఎక్కువేస్తే జావలాగే ఉండిపోతుంది. పాకంలో కోడిగుడ్డు తేలితే తీపి సరిపోయినట్టని పాత పరీక్ష ఒకటుంది. తెల్లకణాలు పడిపోయిన మనిషి తినేదాంట్లో పచ్చి గుడ్డు పెంకు ముంచడం నాకు నచ్చలేదు. తూకం చాలు.

నీళ్లు మరిగించి పంచదార, గ్లూకోజ్, ఉప్పు కరిగించి పూర్తిగా చల్లార్చాలి. ఆ తర్వాతే కాయ కొయ్యాలి. బత్తాయి రసం పిండగానే తియ్యగా ఉంటుంది, కాసేపటికి చేదెక్కుతుంది. గింజల్లో, తెల్లపొరలో రుచి తెలియని పదార్థం ఒకటుంటుంది. రసంలోకి దిగాక అది మెల్లగా లిమోనిన్‌గా మారుతుంది, ఆ చేదు దానిదే. మిక్సీలో వేస్తే గింజ, పొర నలిగి ఇంకా దిగుతుంది. కాబట్టి కాయను తొక్కతో సహా బాగా కడిగి, అడ్డంగా కోసి, చేత్తోనే పిండి, వడకట్టి, వెంటనే పాకంలో కలిపి ఫ్రీజర్‌లో పెట్టేయాలి.

పన్నీరు చివర్న, చల్లటి మిశ్రమంలో వేయాలి. వేడి పాకంలో వేస్తే వాసన ఆవిరైపోతుంది. సీసా మీద తినడానికి పనికొస్తుందని రాసుండాలి, ముఖానికి రాసుకునేది వద్దు. చలి రుచిని మొద్దుబారుస్తుంది కాబట్టి తీపీ సువాసనా ఒక పిసరు ఎక్కువే వేయాలన్నది మామూలు సూత్రం. తీపి విషయంలో నిజమే. పన్నీరు మూడు చెంచాలు వేసినప్పుడు మాత్రం నాకు అగరొత్తులు నమిలినట్టుంది. అంగడి గులాబీ రేకులు, మల్లెపూలు వేయొద్దు. వాటిమీద ఏ మందు కొట్టారో తెలియదు, పైగా పచ్చివి.

పళ్లెంలో పోసి నలభై నిమిషాలకోసారి ఫోర్కుతో గీకే పద్ధతిలో మెత్తగానే వస్తుంది, కానీ అన్నిసార్లు లేచే ఓపికుండాలి. నాకు ఐస్ ట్రేనే నయం. మూతున్న ట్రే కావాలి, లేకపోతే ఫ్రిజ్‌లోని వెల్లుల్లి వాసనంతా పట్టుకుంటుంది. రాత్రంతా గడ్డకట్టాక నాలుగైదు ముక్కలు చిన్న జార్‌లో వేసి ఆపి ఆపి తిప్పాలి. ఆపకుండా తిప్పితే జార్ వేడెక్కి రసమైపోతుంది. కరిగినదాన్ని మళ్లీ గడ్డకట్టించకండి, ఇసుకలా కరకరలాడుతుంది.

మొదటి కీమోకి నిమ్మరసం ఐదు చెంచాలు. ఇనుము రుచిని కోసింది అదే. రెండో కీమో ఆరో రోజుకి నోరంతా పూత. “వదినా, ఈసారి నిమ్మకాయ ముట్టుకోకు” అని చెప్పాల్సొచ్చింది. నిమ్మరసం సున్నా, ఉప్పు కూడా సున్నా. బత్తాయి ఒక్కటే అయినా మండిన రోజున తినడమే మానేశాను. లీటరు నీళ్లకు చెంచా ఉప్పు, చెంచా వంటసోడా కలిపి పుక్కిలించి, సోర్బేను పది నిమిషాలు బయట ఉంచి మెత్తబడ్డాకే తినేదాన్ని. గట్టి పలుకు పుండుకి గుచ్చుకుంటుంది.

ఐసు తింటే జ్వరమొస్తుందని అత్తయ్య భయం. కీమోలో 100.4 దాటిన జ్వరం తెల్లకణాలు తగ్గి ఇన్ఫెక్షన్ సోకిందనడానికి గుర్తు కావచ్చు. అర్ధరాత్రైనా ఆసుపత్రికి పోవాల్సిందే. ఐసును తిట్టుకుంటూ తెల్లారేదాకా ఆగకూడదు. ఇంకోటి, దీంట్లో మాంసకృత్తులు దాదాపు సున్నా. ఇది భోజనం కాదు. గుడ్డో పప్పో పెరుగో దిగడానికి దారి.

మూడోసారి పదో రోజుదాకా సున్నా, ఆపైన రెండు చెంచాలు. ఎర్ర మందు అయ్యాక, పాక్లిటాక్సెల్ అనే ఇంకో కీమో మందు వారం వారం, పన్నెండుసార్లు. వేళ్లు తిమ్మిరెక్కి ట్రే గుడ్డతో పట్టుకోవాల్సి వచ్చేది, నోరు మాత్రం తేరుకుంది. నిమ్మరసం నాలుగు, ఐదు, ఆరు.

ఒక తప్పు చేశాను: ఎర్ర మందు ఎక్కించుకున్న రోజు కూడా ఇదే తిన్నాను. ఆ వికారానికి పన్నీరు వాసన ముడిపడిపోయింది. పెళ్లిళ్లలో చల్లితే ఇప్పటికీ పక్కకి జరుగుతాను. ఇష్టమైన రుచిని మందు ఎక్కించే రోజుకి దూరంగా ఉంచండి. ఇప్పుడు మా ట్రేలో పన్నీరు బదులు మొగలి నీళ్లు పావు చెంచా. నిమ్మరసం ఎనిమిది.