అసెంబ్లీ భవనంలో గుమ్మటం కన్నా ముందు చూడాల్సినవి

చిత్తూరు జిల్లా నుంచి గెలిచిన ఎమ్మెల్యేలు 1952 నుంచి ఇప్పటిదాకా నాలుగు ఊళ్లలో అసెంబ్లీకి పోయారు: మద్రాసు, కర్నూలు, హైదరాబాదు, వెలగపూడి. ఇన్ని సభలు మారిన ప్రాంతంలో ఉండి కూడా శాసనసభ భవనం అనగానే మనకు గుర్తొచ్చేది మెట్లు, స్తంభాలు, పైన గుమ్మటం. ఫొటోకు అవి చాలు. కానీ సభ నడిచేది వాటితో కాదు. లోపల మాట్లాడిన మాట అందరికీ వినబడాలి, చేతులెత్తినవాళ్లను తప్పు లేకుండా లెక్కపెట్టగలగాలి, ప్రభుత్వం చెయ్యి సభ మీద పడకుండా గోడ ఉండాలి. ఏ దేశపు శాసనసభ భవనాన్నైనా ఈ మూడింటితో కొలిస్తే దాని బండారం బయటపడుతుంది.

మనకు దగ్గర్లోనే మొదలుపెట్టవచ్చు. పుత్తూరు, నగరి, తిరుత్తణి మీదుగా కాంచీపురం దాటితే ఉత్తరమేరూరు వస్తుంది. అక్కడి వైకుంఠ పెరుమాళ్ గుడి గోడల మీద పరాంతక చోళుడి కాలపు శాసనాలున్నాయి, క్రీ.శ. 919, 921 నాటివి. ఊరిని 30 వార్డులుగా విడగొట్టి, ఊరి పనులు చూసే సంఘాలకు అర్హులైన వాళ్ల పేర్లు తాటాకు ముక్కల మీద రాసి, కుండలో వేసి కలిపి, అందరి ముందూ ఒక చిన్న పిల్లవాడి చేత తీయించేవాళ్లు. వయసు 35కు పైన, 70కి లోపు ఉండాలి. సొంత స్థలంలో ఇల్లు ఉండాలి. ఇదివరకు సంఘంలో ఉండి లెక్కలు అప్పజెప్పనివాడు పనికిరాడు, వాడి దగ్గరి బంధువులు కూడా పనికిరారు. భూమి ఉండాలి, వేదం తెలియాలి అన్న షరతులూ ఉన్నాయి కాబట్టి దీన్ని నేటి ప్రజాస్వామ్యంతో సమానం చేసి ఊగిపోనక్కర్లేదు. భవనం సంగతికి వస్తే మాత్రం ఒకటి గమనించాలి: నియమాలు తాళపత్రాల్లో దాచలేదు, అందరూ చూసే గోడకే చెక్కించారు.

మద్రాసు కోట కథలోనూ మన ప్రాంతానికి వాటా ఉంది. చంద్రగిరి నుంచి ఏలిన చివరి విజయనగర రాజుల కింద పనిచేసిన దామెర్ల వెంకటాద్రి నాయకుడు 1639లో ఈస్టిండియా కంపెనీకి ఆ తీరం ఇచ్చాడు. మరుసటి ఏడే సెయింట్ జార్జి కోట కట్టడం మొదలైంది. సరుకు దాచుకోడానికి, ఫిరంగులు పెట్టుకోడానికి కట్టిన ఆ కోటలోనే ఇవాళ తమిళనాడు శాసనసభ కూర్చుంటోంది. 1952లో ఉమ్మడి మద్రాసు అసెంబ్లీ 375 మందికి పెరిగేసరికి కోటలోని సభామందిరం చాలలేదు. ప్రభుత్వ ఎస్టేటులో కొత్త హాలు కట్టి అక్కడికి మారారు. 1953 అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం విడిపోయి మనవాళ్లు వెళ్లిపోయాక ఆ పెద్ద హాలు అవసరం తగ్గింది. 1957లో సభ మళ్లీ కోటకే చేరింది, ఆ హాలు పిల్లల థియేటరైంది. తర్వాత అదే కలైవాణర్ అరంగం. 2010 మార్చిలో అదే ఎస్టేటులో ఇంకో కొత్త అసెంబ్లీ ప్రారంభించారు. మరుసటి ఏడాది ప్రభుత్వం మారింది, సభ మళ్లీ కోటకు పోయింది, కొత్త భవనం మల్టీ సూపర్ స్పెషాలిటీ ఆసుపత్రి అయింది. అసెంబ్లీ కోసం గీసిన భవనాన్ని ఆసుపత్రిగా మార్చవచ్చు గానీ, ఆ పని ఎంత మాత్రం చవక కాదు.

సీట్ల లెక్క తప్పితే ఇట్లాంటివి జరుగుతాయి. మన రాష్ట్రంలో ఆ లెక్క ఎన్నిసార్లు మారిందో చూడండి: 1955లో ఆంధ్రలో 196, తెలంగాణ కలిశాక 301, 1978 నుంచి 294, 2014 విభజన తర్వాత 175. హైదరాబాదులోని తెల్లటి అసెంబ్లీ భవనం అసలు టౌన్‌హాలు. ఆరో నిజాం మహబూబ్ అలీ ఖాన్ నలభయ్యో ఏటి జ్ఞాపకంగా 1905లో పునాది వేసి 1913కి పూర్తి చేశారు. మూడొందల మంది శాసనసభ్యులు, వాళ్లకు మైకులు, విలేకరుల గ్యాలరీ, సిబ్బంది గదులు దాని నమూనాలో లేవు. అందుకే 1980ల్లో పక్కనే కొత్త సభామందిరం కట్టాల్సి వచ్చింది.

కూర్చునే పద్ధతి మూడు రకాలు. ఇంగ్లండు పార్లమెంటు దిగువ సభ కామన్స్‌లో ఎదురెదురు బెంచీలు. అమెరికా, ఫ్రాన్సుల్లో అర్ధవృత్తం. మనది గుర్రపు నాడా ఆకారం: స్పీకరుకు కుడివైపు అధికారపక్షం, ఎడమవైపు ప్రతిపక్షం, మధ్యలో మిగిలినవాళ్లు. ఢిల్లీ పాత పార్లమెంటులో లోక్‌సభ 550 సీట్లను ఆరు బ్లాకులుగా, ఒక్కో బ్లాకును 11 వరుసలుగా అమర్చారు. రెండు చివరల బ్లాకుల్లో 97 చొప్పున, నడుమ నాలుగింటిలో 89 చొప్పున. కామన్స్ హాలు 1941 మే 10న జర్మన్ బాంబులకు కాలిపోయింది. తిరిగి కట్టేటప్పుడు అందరికీ సీట్లు వచ్చేలా పెంచుదామంటే అప్పటి ప్రధాని చర్చిల్ ససేమిరా అన్నాడు. ఇప్పటికీ అక్కడ 650 మంది సభ్యులకు 427 సీట్లే. మామూలు రోజుల్లో పదిమంది వచ్చినా హాలు బోసిపోకూడదు, పెద్ద ఓటింగు రోజున కిక్కిరిసి ఉండాలి అన్నది ఆయన వాదం. నాకు ఆ వాదం సగమే ఒప్పుదల. చర్చ వేడిగా ఉంటుంది, నిజమే. కానీ పుస్తకం పెట్టుకోడానికి బల్ల లేని చోట బడ్జెట్ పద్దులు ఎట్లా తిరగేస్తారు?

ఇక శబ్దం. భవనాలు ఎక్కువగా దెబ్బతినేది ఇక్కడే, ఎక్కువమంది పట్టించుకోనిదీ ఇదే.

వాషింగ్టన్‌లో అమెరికా ప్రతినిధుల సభ 1819 నుంచి 1857 దాకా కూర్చున్న పాత హాలు అర్ధవృత్తం, పైన నున్నటి వంపు కప్పు. ఒక మూల గుసగుసలాడితే అవతలి మూలకు వినబడేది, ఎదుటివాడి ఉపన్యాసం మాత్రం గందరగోళంగా ఉండేది. తెరలు కట్టారు, సీట్లను ఎదురు దిక్కుకు తిప్పారు, నేల ఎత్తు మార్చారు. ఏదీ పనిచేయలేదు. చివరికి సభ కొత్త హాలుకు మారింది, పాతది విగ్రహాల మందిరమైంది. కారణం సులువే. వంపు కప్పు శబ్దాన్ని చెదరగొట్టదు, ఒకచోట పోగుచేస్తుంది. ఆ వంపు కేంద్రం మనుషులు కూర్చునే ఎత్తుకు దగ్గరగా పడితే మరీ కష్టం. అందుకని గుమ్మటం పెట్టి తీరాలంటే దాని వంపు వ్యాసార్ధం నేల నుంచి కప్పు ఎత్తుకు కనీసం రెండింతలైనా ఉండాలి, లేదా సగానికి లోపైనా ఉండాలి అంటారు. లేకపోతే కింద వేరే సీలింగు వేసుకోవాలి.

రెండో లెక్క ఆలస్యానిది. నేరుగా వచ్చిన మాటకూ, గోడకు తగిలి వచ్చిన మాటకూ మధ్య సెకనులో ఇరవయ్యో వంతు మించి తేడా ఉంటే చెవికి రెండు మాటలుగా తోస్తుంది. అంటే తిరిగొచ్చే దారి 17 మీటర్లు ఎక్కువైతే చాలు. తిరుపతిలో పెద్ద కల్యాణమండపంలో మైకు పట్టుకున్నాయన మాట వెనక వరుసకు గోలగా చేరేది ఇందుకే. శాసనసభలో వెనక గోడకూ, గ్యాలరీ ముందు అంచుకూ శబ్దం పీల్చే పలకలు తప్పనిసరి.

మూడోది ప్రతిధ్వని నిలిచే కాలం. మాటకు ఒక సెకను దగ్గర ఉంటే మంచిది. సేబిన్ సూత్రం ప్రకారం హాలు ఘనపరిమాణాన్ని 0.161తో గుణించి, పీల్చే మొత్తంతో భాగిస్తే ఆ కాలం వస్తుంది. 4,500 ఘనపు మీటర్ల హాలు అనుకుందాం. ఒక సెకను రావాలంటే సుమారు 724 చదరపు మీటర్ల పూర్తి పీల్పు, అంటే తగిలిన శబ్దమంతా మింగేసే ఉపరితలం, కావాలి. మూడొందల మంది కూర్చుంటే మనిషికి 0.45 చొప్పున 135 వస్తుంది. నాలుగొందల చదరపు మీటర్ల కార్పెట్టు చదరపు మీటరుకు 0.3 చొప్పున 120 ఇస్తుంది. మిగతా 469 గోడలూ సీలింగూ ఇవ్వాలి, తగిలిన శబ్దంలో 0.7 వంతు పీల్చే పలకలైతే 670 చదరపు మీటర్లు. ఇప్పుడు మధ్యాహ్నం భోజనాలయ్యాక సభలో నలభై మందే మిగిలారనుకోండి. కుర్చీలు గట్టి చెక్కవైతే పీల్పు 117 తగ్గి, కాలం 1.2 సెకన్లకు పెరుగుతుంది. మెత్తటి దిండున్న సీటైతే ఖాళీగా ఉన్నా దాదాపు మనిషంత శబ్దం పీల్చుకుంటుంది. ఎమ్మెల్యేలకు సోఫాలెందుకని ఎగతాళి చేసేముందు ఇదొకటి గుర్తుంచుకోవాలి.

చండీగఢ్‌లో వాస్తుశిల్పి లె కార్బుజియే అహ్మదాబాదులోని కూలింగ్ టవర్ ఆకారం చూసి తన అసెంబ్లీ హాలును కాంక్రీటు గొట్టంలా కట్టాడు. గొప్ప శిల్పం. లోపల గోడలకు మాత్రం శబ్దం పీల్చే రంగురంగుల పలకలు బిగించాల్సి వచ్చింది.

మైకుల గురించి ఇంకొక మాట. ఒకేసారి తెరిచిన మైకుల సంఖ్య రెట్టింపైనప్పుడల్లా లౌడ్‌స్పీకర్లు కూతపెట్టకుండా పెంచుకోగల ధ్వని 3 డెసిబెళ్లు తగ్గుతుంది. ఎనిమిది మైకులు తెరిస్తే 9 డెసిబెళ్లు పోతాయి. అందుకే ప్రతి సీటుకూ మైకున్నా, స్పీకరు పేరు పిలిచినవాళ్లదే ఆపరేటర్ తెరుస్తాడు. "మైక్ కట్ చేశారు" అన్న ఆరోపణల్లో కొన్ని రాజకీయం కావచ్చు, కొన్ని కేవలం ఈ లెక్క.

లెక్కించడం. మూజువాణి ఓటుకు భవనంతో పనిలేదు, గొంతులుంటే చాలు. ఎవరైనా సభ్యుడు ఒప్పుకోక డివిజన్, అంటే ఓట్లు విడిగా లెక్కపెట్టమని, అడిగితేనే భవనం పరీక్షకు నిలుస్తుంది. లోక్‌సభలో డివిజన్ గంట మూడున్నర నిమిషాలు మోగుతుంది. ఆ తర్వాత తలుపులు మూస్తారు. అంటే లైబ్రరీలో, క్యాంటీన్‌లో, కమిటీ గదుల్లో ఉన్న సభ్యుడు మూడున్నర నిమిషాల్లో తన సీటుకు చేరేంత దగ్గరగా అవి ఉండాలి. గంట ఆ గదులన్నిటిలో వినబడాలి. కార్యాలయాలను ఇంకో బ్లాకులోకి నెట్టి మధ్యలో తోటలు, నీటి కొలనులు పెట్టిన నమూనాలు చూడటానికి బాగుంటాయి గానీ, ముసలి సభ్యుడొకడు వర్షంలో పరుగెత్తాలి. 1957లో లోక్‌సభకు విద్యుత్ ఓటింగు యంత్రం వచ్చినా ఈ ఇబ్బంది పోలేదు, బటన్ నొక్కడానికీ సీట్లోనే ఉండాలి కదా. కోరం, అంటే సభ నడవడానికి ఉండాల్సిన కనీస సంఖ్య, సంగతీ అంతే. రాజ్యాంగం 189వ అధికరణం ప్రకారం పదిమంది లేదా మొత్తంలో పదో వంతు, ఏది ఎక్కువైతే అది. 175లో అంటే 18 మంది.

ప్రభుత్వం నుంచి వేరుగా ఉండటం కాగితం మీద తేలిక. 187వ అధికరణం శాసనసభకు సొంత సచివాలయ సిబ్బంది ఉండాలంటుంది. లోపల శాంతిభద్రతలు చూసేది స్పీకరు చెప్పుచేతల్లోని మార్షల్స్, పోలీసులు కాదు. 1929 ఏప్రిల్ 8న ఢిల్లీ సభలో భగత్‌సింగ్, బటుకేశ్వర్ దత్ గ్యాలరీ నుంచి బాంబులు వేసిన తర్వాత అప్పటి అధ్యక్షుడు విఠల్‌భాయ్ పటేల్ ఈ సొంత కాపలా దళం కోసం పట్టుబట్టి అదే ఏడు సెప్టెంబరులో సాధించాడు. తిరుచానూరులో పుట్టిన మాడభూషి అనంతశయనం అయ్యంగార్ 1956 నుంచి 1962 దాకా కూర్చున్న లోక్‌సభ స్పీకరు కుర్చీకి ఉన్న బలంలో ఇదీ ఒక భాగం. భవనాల్లో మాత్రం ఈ గీత చెరిగిపోతుంటుంది. మనకు పక్కనే ఉన్న బెంగళూరు విధానసౌధ ఉభయ సభలనూ, సచివాలయాన్నీ ఒకే కప్పు కింద పెట్టింది. మంత్రికి సభకు రావడం సులువు. బిల్లు పెట్టేవాడూ, దాన్ని నిలదీసేవాడూ ఒకే వరండాలో తిరగడం మంచిదా అంటే, నా ఓటు రెండు వేరు భవనాలకే, నడుమ నడిచే దూరంలో.

నిర్వహణ గురించి క్లుప్తంగా. లండన్ పార్లమెంటు 1834 అక్టోబరు 16న కాలింది శత్రువుల వల్ల కాదు. గాట్లు పెట్టి లెక్క ఉంచిన పాత కర్రలను ప్రభువుల సభ కింద పొయ్యిల్లో అదుపు లేకుండా తగలబెట్టడం వల్ల. వాషింగ్టన్ గుమ్మటాన్ని నిప్పు భయంతో పోత ఇనుముతో కట్టారు. ఇనుము కాలలేదు, పగిలింది. 2014లో మొదలైన మరమ్మతుల్లో వెయ్యికి పైగా పగుళ్లు, లోపాలు తేలాయి. పోత ఇనుమును వెల్డింగ్ చేస్తే వేడికి పక్కన కొత్త పగులు పుడుతుంది. కాబట్టి లోహపు కుట్లతో ఒక్కొక్కటీ బిగించారు.

అమరావతిలో శాశ్వత అసెంబ్లీకి ఫోస్టర్ అండ్ పార్ట్‌నర్స్ సంస్థ గీసిన నమూనాలో 250 మీటర్ల శిఖరం ఉంది. చర్చంతా దాని చుట్టే తిరుగుతోంది. అడగాల్సినవి వేరే ఉన్నాయి. 2014 విభజన చట్టం 26వ సెక్షన్ మన సీట్లను 175 నుంచి 225కు పెంచుకోడానికి దారి ఇచ్చింది. హాలులో ఆ యాభై సీట్లకు చోటు, తీగలు, మైకు పాయింట్లు ముందే వేస్తున్నారా? శిఖరం కింద సభ మీద వేరే సీలింగు ఉందా, ఉంటే ఎంత ఎత్తులో? కమిటీ గది నుంచి సీటుకు ఎన్ని నిమిషాల నడక? సందర్శకుల గ్యాలరీలో ఎన్ని సీట్లు, పీలేరు నుంచో సత్యవేడు నుంచో బస్సెక్కి వచ్చిన మనిషికి అక్కడి నుంచి స్పీకరు ముఖం కనబడుతుందా, లేక ముందు వరుసవాళ్ల తలలూ అద్దమూ మాత్రమేనా?