ఉగ్రస్తంభం నుంచి దిగిన రోజు

ఐదేళ్ల క్రితం మా కుటుంబమంతా అహోబిలం వెళ్లినప్పుడు, నేను ఎగువ అహోబిలం దాకా కారులో చేరి, గుహలో వెలసిన స్వామిని దర్శించుకుని, మిగతావాళ్లు కర్రలు పట్టుకుని కొండల్లోకి బయలుదేరుతుంటే అరుగు మీద కూర్చుండిపోయాను. నాకప్పుడు 48 ఏళ్లు. రెండంతస్తుల మెట్లెక్కితే ఆయాసపడే మనిషిని. సాయంత్రం వాళ్లు బురదకాళ్లతో నవ్వుకుంటూ తిరిగి వచ్చినప్పుడు కలిగిన చిన్నతనం చాలాకాలం నన్ను వదల్లేదు.

మొన్నటి డిసెంబరులో మా బావమరిదితో కలిసి మళ్లీ వెళ్లడానికి ఐదు నెలల ముందునుంచి సిద్ధపడ్డాను. సిద్ధపడటమంటే పెద్ద సాధనేమీ కాదు. మేముండే అపార్ట్‌మెంట్‌లో లిఫ్టు మానేసి తొమ్మిది అంతస్తులు రోజుకు రెండుసార్లు ఎక్కడం, ఆదివారాల్లో వికారాబాద్ దగ్గరి అనంతగిరి అడవిలో మూడు, నాలుగు గంటలు నడవడం, అంతే. మొదటి నెలంతా విసుగు. రెండో నెల చివర్లో ఒక ఉదయం ఆరో అంతస్తు దాటాక గానీ ఊపిరి సంగతి గుర్తుకు రాలేదు. ఆ రోజే ప్రయాణం తేదీ ఖాయం చేసుకున్నాను.

నంద్యాలలో బస్సు దిగి, రోడ్డు పక్క శిల్పులు రాతి విగ్రహాలు చెక్కుతుండే ఆళ్లగడ్డ మీదుగా దిగువ అహోబిలం చేరి రాత్రికి అక్కడే ఉన్నాం. మర్నాడు తెల్లవారకముందే జీపులో ఎగువకు వెళ్లి, దారి చూపడానికి స్థానికుడు ఒకాయనను మాట్లాడుకున్నాం. ఆయనకు అరవై ఏళ్లుంటాయి, కాళ్లకు రబ్బరు చెప్పులు. నా కొత్త బూట్లను చూసి, "బూట్లు బాగుండాయి సారూ, కానీ దిగేతప్పుడు ఏమంటాయో చూడల్ల" అన్నాడు. ఆ మాట అప్పుడు నా తలకెక్కలేదు.

దారి భవనాశి వాగును పట్టుకుని సాగుతుంది. వర్షాలు వెనకబట్టి చాలాకాలమైనా రాళ్ల సందుల్లో నీళ్లు పారుతూనే ఉన్నాయి. క్రోడ నరసింహస్వామి గుడి దాటాక కొండలు రెండు వైపులా దగ్గరకు జరుగుతాయి. నల్లమలలోని ఈ శిల క్వార్ట్‌జైట్, అంటే ఇసుకరాయి భూగర్భంలో వేడికీ ఒత్తిడికీ గట్టిపడి మారినది. అది నిలువు పగుళ్ల వెంట చీలిపోవడం వల్లనే గోడలు కట్టినట్టు ఈ కొండ చరియలు నిలబడ్డాయని చదివాను. కానీ స్తంభం చీల్చుకుని స్వామి బయటికొచ్చిన చోటు ఇదేనని చెబుతూ దారి చూపే పెద్దాయన పైకి చెయ్యి చాచినప్పుడు, చదివిన చదువు కాసేపు పక్కకు తప్పుకుంది.

జ్వాలా నరసింహుని గుడికి చేరేసరికి ఎనిమిదైంది. పైనుంచి సన్నటి ధార గాలికి చెదిరి దారిలో నడిచేవాళ్ల మీద తుంపరగా పడుతుంది. హిరణ్యకశిపుణ్ణి సంహరించాక స్వామి చేతులు కడుక్కున్నాడని చెప్పే రక్తకుండం అక్కడే ఉంది. అక్కడినుంచి కొంత వెనక్కి వచ్చి, పెద్దాయన చెయ్యి చాచి చూపిన ఆ కొండకొమ్ముకు, అంటే ఉగ్రస్తంభానికి వెళ్లే దారి పట్టాలి. అసలు నడక అక్కడ మొదలవుతుంది. మెట్లుండవు, వదులు రాళ్లు, చెట్ల వేళ్లు, కొన్నిచోట్ల రెండు చేతులూ ఆన్చి పాకవలసిన బండలు. మా బావమరిది మొదటి అరగంటలో చకచకా ముందుకెళ్లి ఒక బండ మీద కూలబడ్డాడు. నేను ఇరవై అడుగులు, నాలుగు శ్వాసలు అని లెక్క పెట్టుకుంటూ నెమ్మదిగా అతణ్ణి దాటినప్పుడు, "ఏంది బావా, నువ్వేనా?" అన్నాడు. ఐదేళ్ల బాకీ తీరినట్టనిపించింది, దాచడమెందుకు?

పైన చోటు చాలా ఇరుకు. జెండా, స్వామి పాదాలు, చుట్టూ లోయ. గాలి బలంగా వీస్తుంటే రాతిని పట్టుకుని పావుగంట కూర్చున్నాం. కింద గుళ్లు కనిపించవు, నల్లమల పచ్చదనమే అలలు అలలుగా పరుచుకుని ఉంది.

దిగడంలోనే పెద్దాయన మాట అర్థమైంది. పాదం ముందుకు జారి, ప్రతి అడుగుకూ బొటనవేలి గోరు బూటు కొసకు తగులుతోంది. పొడవాటి కొండదిగువలకు వేళ్ల ముందు కొంచెం చోటున్న, వాడి అలవాటుపడిన బూట్లే మంచివని ఎవరూ చెప్పకపోలేదు. కొత్తవి చూపించుకోవాలన్న సరదా నాదే. తొడ కండరాలు ఎక్కేటప్పుడు ముడుచుకుంటూ పనిచేస్తాయి; దిగేటప్పుడు సాగుతూ శరీరం బరువును ఆపుతాయి, మర్నాటి నొప్పికి కారణం ఈ రెండోదే. నేనేమో ఐదు నెలలూ మెట్లెక్కి, లిఫ్టులో దిగాను! ఎగువన అద్దెకు తీసుకున్న వెదురుకర్రే ఆ రోజు మోకాళ్లను కాపాడింది.

తిరుగుదారిలో మాలోల నరసింహుని గుడి దగ్గర ఉప్పు వేసిన మజ్జిగ తాగి చాలాసేపు కూర్చున్నాం. ఇక్కడి ఉత్సవమూర్తి అహోబిల మఠాధిపతి అయిన జీయరు వెంట ఊరూరా తిరుగుతారు. సంక్రాంతి వెళ్లగానే కనుమనాడు మొదలయ్యే పార్వేటలో అహోబిలేశుడు పల్లకీలో నెలకు పైగా పల్లెపల్లెకూ వెళ్లి, చెంచులక్ష్మి పుట్టింటివాళ్లు సహా అందరినీ తన కల్యాణానికి పిలుచుకుంటాడు. ఈ ఊళ్లో దేవుళ్లకే కాలు నిలవదు, మనుషులు అరుగుల మీద కూర్చుంటే ఎలా అని పెద్దాయన నవ్వాడు. పావన నరసింహుని దాకా వెళ్లే అడవి దారి మాకు ఈసారి మిగిలిపోయింది.

మర్నాడు నంద్యాలలో బస్సు దిగడానికి మోకాళ్లు వంగక, కమ్మీ పట్టుకుని వెనక్కి తిరిగి ఒక్కో మెట్టూ దిగుతుంటే, కండక్టరు టికెట్ల సంచి పక్కకు తోసి నాకు చెయ్యి అందిస్తూ, "స్తంభమెక్కినారా సారూ?" అని అడిగాడు.